అరటిపండు పక్కన చోటు

మా పత్రికలో ఆటల పేజీ అడుగున ఇరవై ఏళ్లకు పైగా రోజూ నాలుగు గళ్ల బొమ్మ ఒకటి వస్తోంది. పేరు ‘ఆటలో అరటిపండు’. పిల్లలు ఆడుకునేటప్పుడు లెక్కలోకి రాకుండా ఊరికే తిరిగే చిన్నవాణ్ణి మనవాళ్లు అలాగే అంటారు కదా. ఆ మాటనే పట్టుకుని, చేతులూ కాళ్లూ ఉన్న ఒక అరటిపండును హీరోగా పెట్టారు. ఏ సీజన్ వస్తే ఆ ఆటలో, ఏ జట్టు పిలిస్తే ఆ జట్టులో ఉంటాడు. ఎవరూ ఆడనివ్వరు, ఎవరూ పొమ్మనరు. వేలంలో కోట్లు పలికిన స్టార్లు, చీకటి పడ్డా నల్ల కళ్లద్దాలు తీయని ఓనర్లు, చెమట పట్టకముందే తమ చెమట గురించి ఇంటర్వ్యూలిచ్చే కుర్రాళ్లు, అందరినీ చూసి ఒక్క మాటంటాడు. నాలుగో గడిలో ఎప్పుడూ ఒక బెంచీ ఉంటుంది. ఆ రోజు ఎవరి వంతైతే వాళ్లొచ్చి అరటిపండు పక్కన కూర్చుంటారు.

ఆ బొమ్మ గీసేది వీరలక్ష్మి గారు. ఏలూరు వైపు మనిషి. పెళ్లయి వచ్చినప్పటి నుంచి కూకట్‌పల్లి హౌసింగ్ బోర్డు కాలనీలోనే ఉంటున్నారు. భర్త పట్టాభిరామయ్య గారు కరెంటు ఆఫీసులో చేసి రిటైరయ్యారు. ఏ ఆటలో ఎంతమంది ఆడతారో ఆయనకి ఇప్పటికీ తెలియదు.

“అందుకే ముందు ఆయనకి చూపిస్తాను. ఆట తెలియనివాడు కూడా నవ్వితే బొమ్మ కుదిరినట్టు” అంటారావిడ.

నేను ఆటల పేజీ చూసే సబ్ ఎడిటర్‌ని. పేరు రజిత. మాదాపూర్‌లో అద్దాల బిల్డింగులో ఒక అంతస్తు మా ఆఫీసు, పైనా కిందా సాఫ్ట్‌వేర్ కంపెనీలు. మధ్యాహ్నం భోజనాలయ్యే వేళకి వీరలక్ష్మి గారి బొమ్మ నా కంప్యూటర్‌లోకి వస్తుంది. దాంతోపాటే అప్పుడప్పుడు గొడవలూ వస్తాయి. ఓనర్ల తరఫున పీఏలు ఫోన్లు చేస్తారు. ఒకసారి ఒక సంఘం వాళ్లు లాయరును వెంటబెట్టుకుని వచ్చారు. ఎవరొచ్చినా ఆవిడది ఒకటే జవాబు: “బొమ్మలో అబద్ధం ఎక్కడుందో చూపించండి, రేపే సవరణ వేద్దాం.” ఇంతవరకూ ఎవరూ చూపించలేకపోయారు. ఆవిడ కళ్లతో చూడనిది గీయరు. అందుకే నాకు ఆవిడంటే అంత గౌరవం.

కబడ్డీ లీగ్ సీజన్ మధ్యలో ఒకరోజు రిసెప్షన్ నుంచి ఫోన్ వచ్చింది. ఎవరో ఆటగాడు బొమ్మల గురించి మాట్లాడాలంటున్నాడట. ఇంకో గొడవ అనుకుంటూ కిందికి వెళ్లాను. సోఫా ఖాళీగా ఉన్నా కూర్చోకుండా నిలబడి ఉన్నాడు. వెడల్పాటి భుజాలు, టేపు చుట్టిన రెండు వేళ్లు, ముప్పై దాటిన మొహం. మా ఊరి జట్టు ‘గోల్కొండ బెబ్బులి’ టీషర్టు వేసుకున్నాడు. పేరు వెంకటరమణ అన్నాడు. ఎంత తడుముకున్నా గుర్తు రాలేదు.

“ఏందన్నా, ఏమైంది? నీ బొమ్మ మేం ఎప్పుడు ఎయ్యలే గదా?” అన్నాను.

“అదే అక్కా, ఎయ్యలేదు. ఒకతూరి ఎయ్యమని అడిగేదానికి వచ్చినా.”

వేళాకోళమేమో అనుకున్నాను. కానీ అతని కళ్లలో నవ్వు లేదు. బొమ్మ వేసినందుకు తిట్టినవాళ్లను చూశాను గానీ, వేయలేదని బాధపడినవాణ్ణి అప్పుడే మొదట చూశాను. మరునాడు నాకు సెలవు. స్కూటర్ మీద నేను ముందు, బైకు మీద అతను వెనక, కూకట్‌పల్లి వెళ్లాం.

వీరలక్ష్మి గారు బాల్కనీలో బొమ్మల బల్ల దగ్గరున్నారు. వెంకటరమణ కుర్చీ అంచున కూర్చున్నాడు. పట్టాభిరామయ్య గారు కాఫీ తెచ్చిపెట్టి, “మీరు ఏ ఆటండి?” అని అడిగారు.

“కబడ్డీ సార్. రైట్ కార్నర్. కూతకొచ్చినోడి చీలమండ పట్టుకోవడం నా పని. ఆడనిస్తే.”

వీరలక్ష్మి గారు పెన్సిల్ కింద పెట్టారు. “చెప్పండి బాబూ.”

“మాది ప్రొద్దుటూరు పక్కనమ్మా. ఇన్ని సీజన్ల నుంచి లీగ్‌లో ఉండా. ఎక్కువ బెంచీ మీదే. మా వాళ్లంతా మీరేసిన బొమ్మలు కిట్ బ్యాగులో లోపలి పక్క అతికించుకుంటారు. పైకి మాత్రం కోపమొచ్చినట్టు ఉంటారు. నా బ్యాగులో ఏం లేదు. మా ఆవిడ దివ్య మైండ్‌స్పేస్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తాది. వాళ్ల టీం లీడు సోమవారం మీటింగు మీ బొమ్మతోనే మొదలుపెడతాడంట. మీ ఆయన బొమ్మ ఎప్పుడొస్తాదని దివ్యని అడుగుతారంట. నన్ను పొగడమని అడగలేదమ్మా. ఎగతాళి చేయండి చాలు. ఎగతాళి చేసేదానికి గూడా నేనెవరికీ గుర్తు రాలేదు.”

“మీరేం తప్పు చేశారని చేయమంటారండీ?”

“తప్పు చేసేంతసేపు మ్యాట్ మీద ఉంటే గదమ్మా!”

నాకు నవ్వొచ్చింది గానీ వీరలక్ష్మి గారు నవ్వలేదు. అతని టేపు చుట్టిన వేళ్ల వైపు కాసేపు చూశారు.

“చూడకుండా నేను గీయను. చూశాక నాకు నవ్వు రాకపోయినా గీయను. జాలిపడి మాత్రం అస్సలు గీయను. మీకిష్టమైతే వచ్చే మ్యాచ్‌కి వస్తాను” అన్నారు.

“రాండమ్మా” అన్నాడు వెంకటరమణ. అప్పుడు గానీ కాఫీ ముట్టుకోలేదు.

మ్యాచ్ గచ్చిబౌలి ఇండోర్ స్టేడియంలో. నా దగ్గర ప్రెస్ పాసులున్నా వీరలక్ష్మి గారు టికెట్టు కొనుక్కునే వస్తారు. పాస్ మీద వెళ్తే సోఫాలో కూర్చోబెడతారనీ, సోఫాలోంచి ఆట కనపడదనీ ఆవిడ బాధ. గ్యాలరీలో, బెబ్బులి జట్టు బెంచీకి సరిగ్గా వెనక చోటు చూసుకుని కూర్చున్నాం. ఆఫీసు నుంచి నేరుగా వచ్చిన దివ్య, మెడలో ఐడీ కార్డుతోనే మా పక్కన చేరింది.

ఈల మోగింది. స్టేడియమంతా మ్యాట్ వైపు చూస్తుంటే వీరలక్ష్మి గారు బెంచీ ఒక్కటే చూస్తూ కూర్చున్నారు. ఆవిడ చూపు వెంట నేనూ చూశాను. మా రెయిడర్ కూతకెళ్తే వెంకటరమణ పెదాలు కూడా కబడ్డీ కబడ్డీ అంటున్నాయి. అతని ఊపిరి ఆగితే ఇతనూ ఊపిరి ఆపుతున్నాడు. అవతలివాడు కూతకొస్తే ఇతని మోకాళ్లు వంగుతున్నాయి, కుడిచెయ్యి నేలకేసి జారుతోంది. పక్కనున్న ఇద్దరు సబ్‌స్టిట్యూట్లు అలవాటైనట్టు కాస్త దూరం జరిగి కూర్చున్నారు. కోచ్ భీమేశ్వరరావు గారు అంచున నిలబడి, ఒక కన్ను మ్యాట్ మీదా ఒక కన్ను ఫోన్ మీదా పెట్టి ఉన్నారు.

రెండో సగంలో అవతలి జట్టు పెద్ద రెయిడర్ మా కుడి మూలకి దూసుకొచ్చాడు. సరిగ్గా అప్పుడే మా ఫిజియో ఐసు డబ్బా పట్టుకుని బెంచీ ముందు నుంచి నడుస్తున్నాడు. వెంకటరమణ ఎగిరి అతని చీలమండ పట్టేశాడు. డబ్బా ఎగిరింది. ఐసు ముక్కలు కోచ్ బూట్ల దాకా దొర్లాయి. ఫిజియో బోర్లా పడి ఉన్నాడు, వెంకటరమణ ఇంకా కాలు వదల్లేదు.

దివ్య రెండు చేతులతో మొహం కప్పుకుంది. “ఇంట్లోనూ ఇంతే మేడమ్! టీవీలో మ్యాచ్ వస్తుంటే నేను ఆయన ముందు నుంచి నడవనే నడవను.”

వీరలక్ష్మి గారు కళ్లనీళ్లు వచ్చేలా నవ్వారు. కొంగుతో తుడుచుకుని మళ్లీ బెంచీ వైపు చూశారు. కాసేపటికి నా చెవిలో, “అమ్మాయ్, గమనించావా? మ్యాట్ మీదున్న కార్నర్ కదలకముందే ఇతను కదులుతున్నాడు” అన్నారు. చూస్తే నిజమే.

రెండు రోజులకి బొమ్మ వచ్చింది. మొదటి గడిలో ఒళ్లంతా స్పాన్సర్ల స్టిక్కర్లతో స్టార్ రెయిడర్. రెండో గడిలో కోచ్ ఫోన్‌లో, “బెంచీ మీద సిద్ధంగా ఎవరూ లేరు సార్” అంటున్నాడు. మూడో గడిలో ఐసు ముక్కల వానలో ఫిజియో కాలు పట్టుకుని వేలాడుతున్న వెంకటరమణ. నాలుగో గడిలో బెంచీ. వెంకటరమణ పక్కన అరటిపండు రెండు కాళ్లూ పైకి ముడుచుకుని, “అన్నా, నేను మనోణ్ణే!” అంటున్నాడు.

ఆ ఉదయం మా బిల్డింగ్ లిఫ్టులో ఎవరి ఫోన్‌లో చూసినా అదే బొమ్మ. దివ్య వాళ్ల మీటింగులో చప్పట్లు కొట్టారట. వెంకటరమణ నాకు ఫోన్ చేసి చాలాసేపు మాట్లాడాడు గానీ, “అక్కా, చూసినా” అన్న మాట తప్ప నాకేమీ అర్థం కాలేదు. మరుసటి మ్యాచ్‌లో ఫిజియో బయటికి రాగానే గ్యాలరీలో కుర్రాళ్లంతా “అన్నా, కాలు పైలం!” అని అరిచారు.

కానీ ఆ రోజు బెంచీ మీద వెంకటరమణ లేడు.

రెండో గడి కోచ్‌కి తగిలింది. పత్రికల వాళ్లకి కబుర్లు మోసేవాడు జట్టుతో కూర్చోనక్కర్లేదని, అతన్ని మ్యాచ్‌కి ఎంచుకునే పన్నెండుమందిలోంచి తీసేసి గ్యాలరీకి పంపారు. విషయం తెలిసి వీరలక్ష్మి గారికి ఫోన్ చేశాను.

“గీసింది నేను. శిక్ష అతనికా?” అన్నారు. “రేపు పొద్దున నువ్వొస్తావా? ఆ కోచ్ గారిని చూడాలి.”

ఇన్నేళ్లలో ఆవిడ ఎవరి గుమ్మమూ ఎక్కలేదు. అందుకే నాకు భయమేసింది. క్షమాపణ చెబుతారేమో, ఇక మీ బొమ్మ గీయనని మాటిచ్చేస్తారేమో అనుకున్నాను.

ప్రాక్టీసు హాల్లో భీమేశ్వరరావు గారు మమ్మల్ని చూసి లేచి నిలబడ్డారు. ఒకప్పుడు దేశం తరఫున ఆడిన మనిషి, ఇప్పటికీ నడుము నిటారుగా ఉంటుంది. ఆయనదీ గోదావరి వైపే.

“కూర్చోండమ్మా. ఎన్నిసార్లు గీశారండీ నన్ను? మా మనవరాలు నన్ను ఫోన్ తాతా అని పిలుస్తోంది” అన్నారు. మాటలో మర్యాద ఉంది, కోపమూ ఉంది.

“మీ ఫోన్ సంగతి నాకెవరూ చెప్పలేదండి. గ్యాలరీలో కూర్చుని నా కళ్లతో నేనే చూశాను. రమణ నన్ను బొమ్మ అడిగాడు, తన బొమ్మ. మీ గురించి ఒక్క మాట అనలేదు. కోపం ఉంటే నా మీద పెట్టుకోండి. పత్రికలో రాయండి, నేనే వేయిస్తాను.”

“జట్టులో ఎవరుండాలో నా ఇష్టం కదమ్మా.”

“మీ ఇష్టమేనండి. అతన్ని తీసుకోమని అడగడానికి రాలేదు. తప్పు ఎవరిదో చెప్పి వెళ్దామని వచ్చాను. మీరు ఫోన్ జేబులో పెట్టి ఆట చూసిన రోజు అదీ గీస్తాను. అబద్ధం మాత్రం ఏ రోజూ గీయను.”

మేం లేచి వచ్చేశాం. బయట ఎండలో ఆటో కోసం నిలబడ్డప్పుడు అడిగాను.

“అమ్మా, ఇగ రేపు గ్యాలరీల రమణన్న ఒక్కడే కూసున్నట్టు ఒక బొమ్మ ఎయ్యరాదు? జనమంత ఆయన దిక్కే ఉన్నరు. కోచ్ దిగొస్తడు.”

“వేస్తే అది నా పంతం కోసం వేసినట్టవుతుంది రజితా. నా పంతానికి అతని ఉద్యోగం ఎందుకు పణంగా పెట్టాలి?”

ఆ వారమంతా ఆవిడ బ్యాడ్మింటన్ మీద గీశారు. పాఠకులు వెంకటరమణ ఏమయ్యాడని ఉత్తరాలు రాశారు, మెయిళ్లు పంపారు. ఆవిడ చదివారు, దాచారు, గీయలేదు. చేతిలో ఉన్న ఆయుధాన్ని దూయకుండా ఉండటం ఎంత కష్టమో రోజూ పేజీ పెట్టే నాకు తెలుసు.

వెంకటరమణ గ్యాలరీలో దివ్య పక్కన కూర్చుని ఆట చూశాడు. అక్కడా అదే వంగడం, అదే కూత. చుట్టుపక్కల ఐటీ కుర్రాళ్లు అవతలి రెయిడర్ రాగానే కాళ్లు సీట్ల మీదికి ఎత్తేసుకునేవాళ్లు. నేను బాధపడుతూ మాట్లాడబోతే, “ఫికరు పడొద్దక్కా. బొమ్మలో ఉండేది నేనే గదా, దాన్నెవరు గ్యాలరీకి పంపుతారు?” అన్నాడు. అన్నాడే గానీ, ఆటగాళ్లు మ్యాట్ మీదికి వచ్చేటప్పుడు అతను తల దించుకోవడం నేను చూశాను.

తర్వాత ప్రాక్టీసులో మా జట్టు కార్నర్ ఒకడికి చీలమండ బెణికింది. పన్నెండుమందిని నింపాలి. వేరే దారి లేక వెంకటరమణని మళ్లీ పిలిచారు. ఇంటి గడ్డ మీద చివరి మ్యాచ్ అది. వీరలక్ష్మి గారు, నేను, దివ్య మళ్లీ అదే చోట కూర్చున్నాం.

ఆట ముగింపుకొస్తుండగా మ్యాట్ మీదున్న కార్నర్ భుజం పట్టుకుని కూలబడ్డాడు. భీమేశ్వరరావు గారు బెంచీ వైపు తిరిగారు. అటూ ఇటూ చూశారు. చేతిలోని ఫోన్ జేబులో పెట్టుకుని, “రమణా, పదరా!” అన్నారు. దివ్య నా చెయ్యి ఎంత గట్టిగా పట్టుకుందంటే గాజులు నొక్కుకున్నాయి.

గ్యాలరీ లేచి నిలబడింది. వెంకటరమణ మ్యాట్‌కి దణ్ణం పెట్టి మూలకెళ్లి నిలబడ్డాడు. అవతలి రెయిడర్ కూత అందుకున్నాడు. రమణ వంగాడు, ఒక అడుగు వెనక్కి వేశాడు, ఇంకో అడుగు వేశాడు. రెయిడర్ అతని దగ్గరికైనా రాకముందే రిఫరీ ఈల వేశాడు. రమణ కుడి మడమ గీత అవతల ఉంది. ఎవరూ ముట్టుకోకుండానే ఔట్!

స్టేడియం “అయ్యో!” అంది. ఆ వెంటనే ఎక్కడో ఒకడు నవ్వాడు, ఇంకొకడు నవ్వాడు, ఆఖరికి అందరూ నవ్వారు. రమణ తన కాలు వైపు చూసుకున్నాడు. తనూ నవ్వేసి, తల గోక్కుంటూ ఔటైనవాళ్ల చోట కూర్చున్నాడు. దివ్య మాత్రం నవ్వలేదు.

కాసేపటికి మా రెయిడర్ పాయింటు తెచ్చాడు. దాంతో రమణ మళ్లీ లోపలికి వచ్చాడు. అవతలి పెద్ద రెయిడర్ కుడి మూలకే వచ్చాడు, కాలు చాచాడు. అంతే. రమణ నేలమీదికి జారి చీలమండ పట్టేశాడు. రెండు చేతులూ తాళం వేసినట్టు బిగుసుకున్నాయి. మిగతావాళ్లు వచ్చి మీద పడేసరికి రెయిడర్ కూత ఆగిపోయింది. పక్కనున్నవాడు ఏమంటున్నాడో వినపడనంత గోల. దివ్య ఐడీ కార్డు తీసి గాల్లో తిప్పుతోంది. మ్యాచ్ మేమే ఓడిపోయాం, కొద్ది తేడాతో. అయినా ఎవరూ వెంటనే కదల్లేదు.

మరునాడు మధ్యాహ్నం బొమ్మ వచ్చింది. చూసి ఫోన్ తీశాను.

“అమ్మా, ఇదేంది? ఔటైంది ఏసిన్రు! అంత మంచి పట్టు పట్టిండు గదా, అదెయ్యాలె గాని!”

“పట్టు వార్త. అది నువ్వు బాగా రాశావు, చదివాను. బొమ్మ సరిగ్గా చూడు ముందు.”

చూశాను. మొదటి గడిలో కోచ్ ఫోన్ జేబులో పెడుతున్నాడు. ఆ జేబు చుట్టూ జనం గుంపుగా చేరి ఫొటోలు తీస్తున్నారు. రెండో గడిలో రమణ రాకెట్టులా మ్యాట్ మీదికి ఎగురుతున్నాడు. మూడో గడిలో ఆ రాకెట్టు మ్యాట్ దాటి గీత బయట దిగింది, రిఫరీ ఈల వేస్తున్నాడు. నాలుగో గడిలో బెంచీ మీద అరటిపండు ఒక్కడే. లేచి నిలబడి గంతులేస్తున్నాడు. “ఔటయ్యాడు! మా రమణన్న ఔటయ్యాడు!”

అరటిపండుకి ఔట్ ఉండదు. అందరితో పాటు పరుగెత్తినా, పడినా, అతన్ని ఎవరూ లెక్కపెట్టరు. ఆ గంతులు ఎందుకో అర్థమయ్యాక నాకు కాసేపు పేజీ పని చేతికి రాలేదు.

ఆ సాయంత్రం భీమేశ్వరరావు గారు స్వయంగా ఆఫీసుకి ఫోన్ చేసి, ఆ బొమ్మ అసలు కాగితం దొరుకుతుందా అని అడిగారు. మనవరాలికి చూపించాలట. వీరలక్ష్మి గారిని అడిగితే, అది రమణకి ఇచ్చేశానన్నారు. కోచ్ గారికి నకలు పంపాం.

తర్వాతి సీజన్ వేలంలో వెంకటరమణని ఏ జట్టూ తీసుకోలేదు. మోకాలు కూడా మొరాయిస్తోంది. నల్లగండ్లలో వాళ్ల అపార్ట్‌మెంటుకి దగ్గర ఒక స్కూలువాళ్లు సాయంత్రాలు కబడ్డీ నేర్పమంటే ఒప్పుకున్నాడు. మొదట్లో నలుగురైదుగురే వచ్చారట. ఇప్పుడు ఆడపిల్లల జట్టు ఒకటి, మగపిల్లల జట్టు ఒకటి. పిల్లలకి మ్యాట్ అడిగి అడిగి తెప్పించాడు.

ఒక శనివారం వీరలక్ష్మి గారూ నేనూ వెళ్లాం. రమణ పరుగెత్తుకుంటూ ఎదురొచ్చి, మెట్ల మీద దుమ్ము తువ్వాలుతో దులిపి కూర్చోబెట్టాడు. దివ్య మాకు మజ్జిగ తెచ్చింది. జడలు పైకి ముడేసుకున్న ఒక అమ్మాయి కూతకొచ్చి, మూలనున్న పిల్ల చేతికి చిక్కకుండా గెంతి వెళ్లిపోయింది. రమణ నడుము మీద చేతులు పెట్టుకుని, చిక్కించుకోలేకపోయిన పిల్ల దగ్గరికెళ్లి వంగి ఏదో చెప్పాడు. ఆ పిల్ల తలూపింది. మళ్లీ మొదలుపెట్టారు.

వీరలక్ష్మి గారు సంచిలోంచి ఏమీ తీయలేదు. కాగితాలు తెచ్చుకోలేదా అని అడిగాను.

“లేదే. ఇవాళ ఊరికే చూద్దామని వచ్చాను” అన్నారు.

ఎదురుగా అపార్ట్‌మెంట్ల కిటికీల్లో ఒక్కొక్కటిగా లైట్లు వెలుగుతున్నాయి. పిల్లల కూతలు ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి. ఆవిడ మజ్జిగ గ్లాసు చేతిలో పట్టుకుని తాగడం కూడా మర్చిపోయి, ఆ మూల పిల్ల పాదాల వైపే చూస్తూ కూర్చున్నారు.